రీడ్-హిల్‌వ్యూ: కౌంటీ సొంత విమానాశ్రయంలో మూడేళ్లు

అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రంలో, శాన్ హోసే నగరపు తూర్పు భాగంలో టల్లీ రోడ్డుకు ఒక పక్క ఈస్ట్‌రిడ్జ్ మాల్ ఉంటే, రెండో పక్క రీడ్-హిల్‌వ్యూ విమానాశ్రయం ఉంది. మాల్‌కు వెళ్లినవారికి తలమీదుగా, చక్రాలు స్పష్టంగా కనిపించేంత తక్కువ ఎత్తులో, ఒంటి ఇంజన్ విమానాలు ఒకదాని వెనుక ఒకటి దిగడం నిత్యం కనిపించే దృశ్యం. ఎవర్‌గ్రీన్ ప్రాంతంలో ఆరేళ్లు కాపురమున్నాక కూడా ఆ కంచె లోపల ఏముందో, అక్కడికి మామూలు మనిషి వెళ్లవచ్చో లేదో నేను తెలుసుకోలేదు. ఆ తర్వాత మా అమ్మాయి కారణంగా లోపలికి వెళ్లాను, ఆమెతో పాటు నేనూ విమానం నడపడం నేర్చుకున్నాను. ఈ మూడేళ్లలో ఆ చోటు ఇచ్చినదాన్నీ, అది చుట్టుపక్కలవారి నుంచి తీసుకున్నదాన్నీ కలిపి చూసి ఈ సమీక్ష రాస్తున్నాను.

బాపట్ల నుంచి మా నాన్నగారు వచ్చినప్పుడు ఆయన్ను పక్కనే ఉన్న లేక్ కన్నింగ్‌హామ్ పార్కుకు తీసుకువెళ్లాను. ఎగిరే విమానాలను చాలాసేపు చూసి, "ఇది ఏ కంపెనీదిరా?" అని అడిగారు. కంపెనీది కాదనీ, శాంటా క్లారా కౌంటీ ఆస్తి అనీ, అంటే మన లెక్కలో జిల్లాది అనీ చెప్పాను. ఆయన జిల్లా పరిషత్తు ఉన్నత పాఠశాలలో ముప్ఫై ఏళ్లు పనిచేసిన మనిషి కాబట్టి ఆ మాట ఆయనకు వెంటనే అందింది. "మా పరిషత్తుకు బళ్లున్నాయి, రోడ్లున్నాయి, విమానాశ్రయం మాత్రం లేదు" అన్నారు. మన ఊళ్లలో విమానాశ్రయమంటే కేంద్ర ప్రభుత్వమో పెద్ద కంపెనీయో నడిపేదే తప్ప స్థానిక సంస్థ చేతిలో ఉండేది కాదు గనుక, ఈ ఏర్పాటు ఎలా పనిచేస్తుందో ముందు చెప్పాలి.

1930ల చివర రీడ్ సోదరులు ఇక్కడి పొలాల మధ్య ఒక విమాన క్షేత్రాన్ని ఏర్పాటు చేసుకున్నారు. 1961లో కౌంటీ దాన్ని కొన్నది. 1967లో కంట్రోల్ టవర్ వచ్చింది. ఇప్పుడు సుమారు 180 ఎకరాల్లో, పక్కపక్కనే సాగే రెండు రన్‌వేలతో ఉంది. ఇక్కడి నుంచి విమానయాన సంస్థల సర్వీసులేవీ లేవు. టికెట్ల కౌంటరు గానీ, బెల్టులు విప్పించే భద్రతా తనిఖీ గానీ కనిపించవు. సొంత విమానాలున్నవారు, అద్దెకు తీసుకునేవారు, శిక్షణ పాఠశాలలు, శాన్ హోసే స్టేట్ యూనివర్సిటీ విమానయాన విభాగం, ఇవే దీని వాడుకదారులు. రీడ్ కుటుంబానికే చెందిన అమీలియా రీడ్ 1960లో ఇక్కడ శిక్షణ పాఠశాల ప్రారంభించి, తోకచక్రం విమానాల మీద వందలాది మందికి ఎగరడం నేర్పారు. ఆమె 2001లో కన్నుమూసినా ఇక్కడి పాత పైలట్ల మాటల్లో ఆ పేరు ఇప్పటికీ తరచుగా వినిపిస్తుంది. ఐదారు మైళ్ల దూరంలో ఉన్న శాన్ హోసే అంతర్జాతీయ విమానాశ్రయంలోకి చిన్న విమానాలు చేరి రద్దీ పెంచకుండా వాటికి వేరుగా చోటు చూపడం దీని అధికారిక బాధ్యతల్లో ఒకటి.

మా అమ్మాయి తొలి ప్రయాణం డబ్బు ఖర్చు లేకుండా జరిగింది. ప్రయోగాత్మక విమానాల సంఘమైన ఈఏఏ 1992లో ప్రారంభించిన యంగ్ ఈగిల్స్ అనే కార్యక్రమం కింద, ఎనిమిది నుంచి పదిహేడేళ్ల వయసు పిల్లలను స్వచ్ఛంద పైలట్లు తమ సొంత విమానాల్లో, తమ సొంత ఇంధనంతో ఉచితంగా తిప్పుతారు. అప్పటికి ఆమెకు పదమూడేళ్లు. దిగి వచ్చాక ఆమె చెప్పిన మొదటి మాట మబ్బుల గురించి కాదు. రెక్క మీద నిలబడి ఇంధనం మూత బిగించడం తనతో చేయించారని చెప్పింది. పిల్లలను చూడటానికి తీసుకువెళ్లిన చోట వాళ్లకు పని అప్పగించే మనుషులు ఉండటం నాకు బాగా నచ్చింది. తెలుగు తల్లిదండ్రులు పిల్లలను రోబోటిక్స్‌కూ, స్పెల్లింగ్ పోటీలకూ తిప్పే శనివారాల్లో ఒక్కటి దీనికి కేటాయించవచ్చని అప్పటి నుంచి కనిపించిన ప్రతి స్నేహితుడికీ చెబుతున్నాను.

ఆ తర్వాతి వారం నేను ఒక పాఠశాలలో పరిచయ ప్రయాణానికి డబ్బు కట్టాను. అక్కడి వాడుక మాట డిస్కవరీ ఫ్లైట్. ఎక్కడానికి ముందు బరువు అడుగుతారు. ఇందులో మొహమాటపడి రెండు కిలోలు తగ్గించి చెప్పకూడదు, ఎందుకంటే నాలుగు సీట్ల సెస్నా 172లో ప్రయాణికుల బరువూ, ఇంధనం బరువూ కలిపి లెక్క వేసుకున్నాకే పైలట్ బయలుదేరాలి. విమానం చుట్టూ తిరిగి చేసే తనిఖీ నేను ఊహించినదానికంటే ఎక్కువసేపు పట్టింది. రెక్క కింది కవాటం నుంచి చిన్న గాజు గొట్టంలోకి ఇంధనాన్ని వంచి, అడుగున నీటి బొట్లు చేరాయేమోనని వెలుతురుకు ఎత్తి చూడాలి. కారులో మాదిరిగానే కడ్డీతో ఆయిల్ మట్టం చూడాలి. రెక్కల చివర కదిలే భాగాలను చేత్తో కదిపి వాటి మేకులూ తీగలూ సరిగా ఉన్నాయని నిర్ధారించుకోవాలి. ఈ పనుల్లో ఏదీ రహస్యం కాదు. ఇంతకాలం నేను ప్రయాణించిన పెద్ద విమానాల వెనుక కూడా ఇలాంటి చూపులే పనిచేస్తాయని ఆ పది నిమిషాల్లో అర్థమైంది.

రన్‌వే పొడవు దాదాపు 3,100 అడుగులు, అంటే తొమ్మిది వందల మీటర్లకు కాస్త ఎక్కువ. శంషాబాద్‌లో జెట్ విమానాలు దిగే రన్‌వే 4,260 మీటర్లు. ఆ తేడా చూసి మొదట నాకు భయమేసింది గానీ, ఇక్కడి తరహా విమానాలకు నేల మీద పరుగుకు ఈ 3,100 అడుగుల్లో సగం కూడా అక్కర్లేదు. సాధారణంగా గాలి వాయవ్యం నుంచి వీస్తుంది కాబట్టి ఎక్కువ రోజులు ఆ దిక్కుకే ఎగురుతారు. రన్‌వే మీద రాసి ఉండే 31 అనే అంకె అయస్కాంత దిక్సూచిలోని 310 డిగ్రీలకు గుర్తు. నేల విడిచాక కుడి చేతి రన్‌వేవారు కుడివైపుకూ, ఎడమ చేతి రన్‌వేవారు ఎడమవైపుకూ తిరుగుతారు. కుడికి తిరిగినప్పుడు ఎదురుగా లేచే డియాబ్లో కొండలూ, వాటి మీద లిక్ వేధశాల తెల్లటి గుమ్మటాలూ, వెనుక ఆటబొమ్మలంత చిన్నగా ఇళ్ల వరుసలూ, వాటి అవతల శాన్ ఫ్రాన్సిస్కో బే (అఖాతం) నీళ్ల మెరుపూ ఒక్కసారిగా కళ్ల ముందుకు వచ్చాయి. చలికాలపు వానల తర్వాత ఫిబ్రవరి, మార్చి నెలల్లో ఆ కొండలు పచ్చబడతాయి. మే చివరికి ఎండిన గడ్డి రంగుకు మారతాయి. మొదటి ప్రయాణానికి ఫిబ్రవరి, మార్చి నెలలే మేలు.

ఈ విమానాశ్రయంలో నాకు అన్నింటికంటే విలువైనదిగా తోచినది టవర్. ఒక వైపు శాన్ హోసే అంతర్జాతీయ విమానాశ్రయపు నియంత్రిత గగనతలం, మరో వైపు కొండలు, మధ్యలో రెండు సమాంతర రన్‌వేల మీద ఒకేసారి దిగే విద్యార్థులు. ఇంత ఇరుకైన చోట విమానాలను వరుసలో పెట్టే కంట్రోలర్లతో రేడియోలో మాట్లాడటం నేర్చుకోవడం, విమానం నడపడం కంటే నాకు కష్టమైంది. మనం ఎవరం, ఎక్కడున్నాం, ఏం కావాలి అన్న మూడు విషయాలను ఒకే ఊపిరిలో, ఒకే క్రమంలో చెప్పాలి. వాళ్లు ఇచ్చిన ఆదేశాన్ని తిరిగి అప్పజెప్పాలి. నా ఇంగ్లీషు ఆఫీసు సమావేశాల్లో ఏనాడూ ఇబ్బంది పెట్టలేదు గానీ, మొదటి రోజు హెడ్‌సెట్‌లో వాళ్ల మాటల వేగానికి నోరు పెగల్లేదు. ఇన్‌స్ట్రక్టర్ ఒక చిట్కా చెప్పారు: పిలుపు చివర "స్టూడెంట్ పైలట్" అని చేర్చమన్నారు. ఆ రెండు పదాలు చేర్చినప్పటి నుంచి అవతలి గొంతు నెమ్మదించింది, ఆదేశాలు చిన్నవయ్యాయి. తప్పుగా అప్పజెప్పినప్పుడు విసుగు లేకుండా మళ్లీ చెప్పారు. ఎదురుగా సూర్యుడు ఉన్న ఒక సాయంత్రం, నేను పక్క రన్‌వే గీతను దాటిపోకుండా చూసుకోమని హెచ్చరించిన ఆ గొంతుకు నేను రుణపడి ఉన్నాను. ఈ సేవకు వాడుకదారు విడిగా రుసుము కట్టడు. ఇక్కడ నేర్చుకున్నవారికి ఆ తర్వాత ఎంత రద్దీ ఉన్న విమానాశ్రయానికి వెళ్లినా రేడియో భయం ఉండదు. టవర్ లేని పల్లె విమానాశ్రయంలో నేర్చుకున్న నా మిత్రుడొకరు లైసెన్సు వచ్చిన ఏడాది తర్వాత కూడా బే ఏరియా గగనతలంలోకి రావడానికి జంకుతుండేవారు.

శిక్షణ గురించి మనవాళ్లు ముందే తెలుసుకోవలసినవి కొన్ని ఉన్నాయి. ప్రైవేట్ పైలట్ సర్టిఫికెట్‌కు సాధారణ నిబంధనల ప్రకారం కనీసం 40 గంటలు ఎగరాలి. ఉద్యోగం చేసుకుంటూ వారానికి ఒకటి రెండు సార్లు వెళ్లేవారికి వాస్తవంలో అరవై గంటలు దాటుతుంది, కాబట్టి గంట ఖర్చును 40తో గుణించి సంతోషపడకూడదు. ఒంటరిగా ఎగరడానికి పదహారేళ్లు, సర్టిఫికెట్‌కు పదిహేడేళ్లు నిండాలి. అమెరికా పౌరసత్వం లేనివారు, గ్రీన్ కార్డు ఉన్నవారితో సహా, శిక్షణ మొదలుపెట్టేముందు రవాణా భద్రతా విభాగమైన టీఎస్‌ఏ అనుమతి పొందాలి. వేలిముద్రలు, రుసుము, నిరీక్షణ ఉంటాయి. పరిచయ ప్రయాణానికి మాత్రం ఈ అనుమతి అక్కర్లేదు. అందుకే అది ముగించుకుని, మనసు కుదిరిందనుకున్నాక దరఖాస్తు పెట్టడం మంచిది.

నాకు ఒక చేదు అనుభవం కూడా ఉంది. నేను మొదట చేరిన పాఠశాల ఏదో చెప్పను. అక్కడ ఒకేసారి ఎక్కువ గంటలకు డబ్బు కడితే తగ్గింపు ఇస్తామన్నారు, కట్టాను. నాలుగో నెలలో నా ఇన్‌స్ట్రక్టర్ విమానయాన సంస్థలో ఉద్యోగానికి వెళ్లిపోయారు. ఆయన తప్పు లేదు, సంస్థల్లో చేరడానికి కావలసిన 1,500 గంటలు పోగుచేసుకోవడానికే చాలామంది యువ పైలట్లు బోధనలోకి వస్తారు. కానీ ఆయన స్థానంలో మరొకరిని చూపడానికి ఏడు వారాలు పట్టింది, ఆ లోపు నేను నేర్చుకున్న లాండింగులు మరిచిపోయాను, మిగిలిన డబ్బు తిరిగి రాబట్టుకోవడానికి ఇంకో రెండు నెలలు తిరగవలసి వచ్చింది. ఏ విమానాశ్రయంలో నేర్చుకున్నా, ఏ పాఠానికి ఆ పాఠం డబ్బు కట్టండి. ఇన్‌స్ట్రక్టర్ ఇంకా ఎన్ని నెలలు ఉంటారో సిగ్గుపడకుండా అడగండి.

ఇక ఈ సమీక్షలో అతి ముఖ్యమైన విషయానికి వస్తాను. ఆ విమానాలు ఏ ఇళ్ల మీదుగా ఎగురుతాయో, ఆ ఇళ్ల పిల్లల రక్తంలో ఏం చేరిందో చెప్పకుండా కొండల అందం గురించి మాత్రమే రాస్తే అది సగం నిజమే అవుతుంది.

పిస్టన్ ఇంజన్ విమానాలు దశాబ్దాలుగా వాడుతున్న ఇంధనం 100ఎల్‌ఎల్. ఆ రెండు ఎల్‌లకు అర్థం తక్కువ సీసం అని. నిజానికి అందులో గాలనుకు రెండు గ్రాములకు పైగా సీసం ఉండవచ్చు. ఎక్కువ పీడనంతో పనిచేసే ఇంజన్లలో ఇంధనం వేళ కాని వేళ పేలి లోహాన్ని దెబ్బతీయకుండా టెట్రాఇథైల్ లెడ్ కలుపుతారు. ఇదే పదార్థాన్ని భారతదేశం 2000లో పెట్రోలు నుంచి తొలగించింది. అమెరికాలో రోడ్డు వాహనాలకు 1996లోనే నిషేధించారు. చిన్న విమానాల దగ్గర మాత్రం మిగిలిపోయింది. అమెరికాలో గాలిలోకి చేరే సీసంలో దాదాపు 70 శాతం ఈ విమానాల నుంచే వస్తోందని ఆ దేశ ప్రభుత్వ పర్యావరణ సంస్థ లెక్క.

రీడ్-హిల్‌వ్యూ చుట్టూ ఉన్నవి ఖరీదైన కాలనీలు కావు. ఎక్కువగా లాటినో, వియత్నామీ కుటుంబాలు, ఇరుకు అపార్టుమెంట్లు, కంచెకు దగ్గరలోనే బడులు. కౌంటీ స్వయంగా చేయించిన అధ్యయనం 2021 ఆగస్టులో వెలువడింది. 2011 నుంచి 2020 వరకు సుమారు 17 వేల మంది పిల్లల రక్త పరీక్షలను చూసి, విమానాశ్రయానికి అర మైలు లోపల ఉండే పిల్లల్లోనూ, గాలి వాలున ఉండే పిల్లల్లోనూ సీసం మోతాదు ఎక్కువగా ఉందని అది చెప్పింది. పైలట్ల సంఘాలు ఆ పద్ధతినీ, ఆ తేల్చివేతనూ ప్రశ్నించాయి. నేను రెండు వైపులా చదివాను. పిల్లల మెదడు విషయంలో సీసానికి ప్రమాదం లేని మోతాదు అంటూ ఏదీ లేదని వైద్యశాస్త్రం చెబుతున్నప్పుడు, అధ్యయనంలోని అంకెల మీద ఎంత వాదించినా ఆ ఇంధనాన్ని సమర్థించే మాట నాకు దొరకలేదు.

2022 జనవరి 1 నుంచి కౌంటీ తన రెండు విమానాశ్రయాల్లోనూ, అంటే ఇక్కడా, దక్షిణాన ఉన్న శాన్ మార్టిన్‌లోనూ, సీసం కలిసిన ఇంధనం అమ్మకాన్ని ఆపేసింది. సమాఖ్య విమానయాన సంస్థ ఎఫ్‌ఏఏ దీని మీద విచారణ ప్రారంభించినా కౌంటీ వెనక్కి తగ్గలేదు. 2023 అక్టోబరులో పర్యావరణ సంస్థ కూడా ఈ ఇంధనపు పొగ ప్రజారోగ్యానికి హాని చేసే కాలుష్యంలో భాగమేనని అధికారికంగా తేల్చింది. మా అమ్మాయిని నేను అక్కడికి తీసుకువెళ్లింది ఆ అమ్మకం ఆగిన ఏడాదే. ఆగకపోయి ఉంటే నా సరదా కోసం ఇంకొకరి పిల్లల ఇంటి మీద సీసం చల్లే పనికి వెళ్లేవాణ్ణి కాదని ఇప్పుడు స్థిరంగా చెప్పగలను.

దీనివల్ల వాడుకదారులకు కలిగిన ఇబ్బంది నిజమైనదే. ప్రత్యామ్నాయంగా వచ్చిన, సీసం లేని 94 ఆక్టేన్ ఇంధనం (వేళ కాని వేళ పేలకుండా ఇంధనం ఎంత తట్టుకుంటుందో చెప్పే కొలత ఆక్టేన్) శిక్షణలో వాడే సెస్నా 172 వంటి విమానాలకు సరిపోతుంది; నేను నడిపిన విమానాల్లో తేడా ఏమీ గమనించలేదు. కానీ ఎక్కువ శక్తిగల ఇంజన్లకు అది చాలదు. అలాంటి విమానాల యజమానులు ఇంధనం కోసం వేరే చోట దిగవలసి వచ్చింది. 2022లో ఎఫ్‌ఏఏ అనుమతి పొందిన జీ100యూఎల్ అనే 100 ఆక్టేన్ సీసరహిత ఇంధనాన్ని 2024 చివర దేశంలో మొదటిసారి అమ్మిన విమానాశ్రయం ఇదే. దానివల్ల తమ విమానాల రంగు దెబ్బతిన్నదని కొందరు యజమానులు చెప్పారు కాబట్టి సొంత విమానం ఉన్నవారు ఇంజన్‌నూ, విమాన తయారీదారు సూచనలనూ చూసుకుని నిర్ణయించుకోవాలి. దేశమంతా వాయిదా వేస్తున్న పనిని ఒక కౌంటీ ముందు మొదలుపెట్టినందువల్ల వచ్చిన చిక్కులివి. ఆ మొదలుపెట్టడాన్ని నేను తప్పు పట్టలేను.

మిగిలిన ప్రశ్న ఈ విమానాశ్రయం ఎంతకాలం ఉంటుందన్నది. ఎఫ్‌ఏఏ నిధులు తీసుకున్న ప్రతిసారీ విమానాశ్రయాన్ని నడుపుతామన్న హామీ గడువు పొడుగవుతుంది. 2018లో కౌంటీ ఇక ఆ నిధులు తీసుకోబోమని తీర్మానించింది, పాత హామీలు 2031తో ముగుస్తాయి. అంతకంటే ముందే మూసివేయడానికి కూడా ప్రయత్నించింది. ఆ 180 ఎకరాల్లో ఇళ్లు కట్టాలని కొందరి వాదన. 1989లో లోమా ప్రియెటా భూకంపం వచ్చి కొండదారులు తెగిపోయినప్పుడు ఇక్కడి నుంచే చిన్న విమానాల్లో కొండల అవతలి వాట్సన్‌విల్ పట్టణానికి సామగ్రి చేరవేశారని, అలాంటి అవసరం మళ్లీ వస్తుందని మరికొందరి వాదన. భూకంపాల నేల మీద నివసిస్తున్నవాడిగా నేను రెండో వాదన వైపే ఉన్నాను, అయితే ఒక షరతుతో: అమ్మే ఇంధనంలోనే కాదు, బయటి నుంచి వచ్చి దిగే విమానాల ట్యాంకుల్లో కూడా సీసం లేని రోజు రావాలి. ఇక్కడ అమ్మకం ఆగినా వేరే చోట నింపుకుని వచ్చే విమానాలను ఆపే వీలు కౌంటీకి లేదు; ఈ సమస్యలో ఇంకా తీరకుండా మిగిలిన భాగం అదే. ఈలోగా, పదేళ్ల తర్వాత ఉంటుందో లేదో తెలియని చోట కొత్త విమానాలు కొనడానికీ, వాటిని నిలిపే కొత్త షెడ్డు (హ్యాంగర్) కట్టడానికీ ఏ పాఠశాల యజమానికైనా ధైర్యం చాలదు. కొత్తగా చేరేవారు తమ శిక్షణ రెండేళ్లలో ముగుస్తుందనుకుంటే నిశ్చింతగా చేరవచ్చు. విమానం కొని ఇక్కడ దీర్ఘకాలం నిలుపుకోవాలనుకునేవారు మాత్రం 2031ని గుర్తుపెట్టుకోవాలి.

చూడటానికి మాత్రమే వెళ్లేవారికి ఖర్చేమీ లేదు. ఈస్ట్‌రిడ్జ్ బస్సు కేంద్రం నడిచి వెళ్లగలిగే దూరంలోనే ఉంది. పరిచయ ప్రయాణానికి ఉదయం తొమ్మిది, పదకొండు గంటల మధ్య సమయం అడగండి: వేసవిలో అంతకంటే ముందు బే మీది మబ్బు తొలగదు, మధ్యాహ్నం దాటితే వాయవ్య గాలి బలపడి విమానం కుదుపులకు లోనవుతుంది. భారతదేశం నుంచి వచ్చిన పెద్దవారిని ఎక్కించేటట్లయితే తేలికైన ఇడ్లీ వంటిది పెట్టి తీసుకువెళ్లండి. మా నాన్నగారు పెసరట్టు ఉప్మా తిని బయలుదేరి, కాల్వెరాస్ జలాశయం దాకా వెళ్లేసరికే వెనక్కి తిప్పమన్నారు.